నీలం గదిలో మూడు రోజులు

ఆదిలాబాద్ జిల్లా అడవుల్లో రంగులకు మొక్కే మఠం ఒకటి ఉందని ఈ ఎండాకాలం దాకా నాకు తెలియదు. తెలియకపోయినా వచ్చే నష్టమేమీ లేదు. ఇది చదివి ఎవరికైనా అక్కడికి వెళ్లాలని బుద్ధి పుడుతుందేమోనన్న భయంతో ఆ పల్లె పేరు కావాలనే రాయడం లేదు. ఆసిఫాబాద్ అవతల, పెద్దవాగు దాటాక, ఎడ్లబండి మీద ఒక పూట ప్రయాణం. అంతవరకే చెబుతాను. మన జిల్లాల్లో పనిలేని భక్తులకు కొదవ లేదు.

నేను వెళ్లింది మోక్షానికి కాదు, మా నర్సయ్య బావ కోసం. బావ మా అక్క భర్త. కరీంనగర్‌లో నూలుకు రంగులద్దే పని ఆయనది, నలభై ఏళ్లుగా అదే పని. రెండేళ్ల నుంచి రెండు కళ్లలోనూ మోతిబిందు, అంటే శుక్లాలు, ముదిరి, వెలుతురుందో లేదో తప్ప మరేమీ తెలియని స్థితికి వచ్చాడు. మా సర్కారు దవాఖానకు అప్పుడప్పుడు పట్నం నుంచి కంటి డాక్టరు వస్తాడు. ఆయన చూసి, మళ్లీ వచ్చినప్పుడు కోసి తీసేస్తానన్నాడు. ఈ వానాకాలం దాటనిస్తే మాత్రం ఆ బిందువు లోపలే పగిలి, చూపు ఇక ఎన్నటికీ రాదని కూడా చెప్పాడు. ఆ మాట విన్న వారానికి బావ ఎవరో భక్తుల వెంట మఠానికి వెళ్లిపోయాడు. డాక్టరు వచ్చే సోమవారం వస్తున్నాడు. అప్పటికి బావ కరీంనగర్‌లో ఉండాలి.

"తమ్మీ, నువ్వు సద్వుకున్నోనివి. మంచిగ మాట్లాడి తోల్కరా. కొట్లాడి గాదు" అంది అక్క.

నేను హైస్కూల్లో సైన్సు మాస్టర్ని. సెలవులు కదా, మంగళవారం పొద్దున బయలుదేరాను.

పెద్దపల్లి

బస్సెక్కగానే ఒకావిడ నా ఒళ్లో కోడిపుంజును పెట్టి, తాను సుల్తానాబాద్ దాకా హాయిగా నిద్రపోయింది. దిగేటప్పుడు, అది నా ధోవతి మీద చేసిన నిర్వాకం చూపిస్తే, తప్పు నాదేనని తేల్చింది.

"గట్టిగ వట్టుకుంటే బెదురుతది సారూ. జర మెల్లగ వట్టుకోవాలె" అని పుంజును నిమురుతూ దిగిపోయింది.

పెద్దపల్లి స్టేషనులో రైలు మూడు గంటలు ఆలస్యం. పది పైసలకు ఒక చాయ తాగాను. అందులో చాయ రంగు ఉంది, చాయ లేదు. బెంచీ మీద నా పక్కన కరీమ్ సాబ్ అనే అద్దాల వ్యాపారి కూర్చున్నాడు. కాళ్ల దగ్గర గడ్డి కూరిన చెక్కపెట్టె. మాటల్లో తేలిందేమిటంటే, ఆయన రంగు అద్దాలు తీసుకుని నేను వెళ్లే మఠానికే వెళుతున్నాడు. రైలు వచ్చిన తొందరలో నా ట్రంకు ఆయన పెట్టె మీద పెట్టాను. పెట్టానని మర్యాదకు అంటున్నాను గానీ, నిజానికి పడేశాను.

ఆయన నిదానంగా పెట్టె విప్పి చూశాడు.

"ఎర్రదొక్కటే పోయింది. పచ్చది, పసుపుది సలామత్."

డబ్బిస్తానన్నాను. వద్దన్నాడు.

"ఫికర్ జెయ్యకున్రి సార్. మఠంల ఎర్ర గది కిటికి అద్దం వగిలి రెండు నెలలైంది. ఇంకో రెండు నెలలు ఆగుతరు. వాళ్లకు కోపం రాదు. కోపమంత ఎర్ర గదిలనే ఉంటదట, దాంట్లకు ఇంకా పోలేదు గద" అని తన మాటకు తనే నవ్వుకున్నాడు.

రైల్లో ఆయన చెప్పగా ఆ సిద్ధాంతం నాకు తెలిసింది. మొదట లోకమంతా ఒకే తెల్లటి వెలుగట. అది పగిలి ఏడు రంగులైందట. ప్రతి మనిషీ ఒక రంగు ముక్కతో పుడతాడట. ఏడు రంగుల అద్దాలున్న ఏడు గదుల్లో, ఒక్కో గదిలో నలభై రోజుల చొప్పున కూర్చుంటే మళ్లీ తెలుపైపోతాడట, ఇక జన్మ ఉండదట. దీని పేరు తెలుపు మార్గం. నూరేళ్ల కిందట ఒక గాజులు చేసేవాడికి, పగిలిన గాజు ముక్కలో ఎండ విడిపోతుంటే, ఈ జ్ఞానం కలిగిందట. గాజు పట్టకంతో ఎనిమిదో తరగతి పిల్లలకు నేను పావుగంటలో చూపించే పాఠమిది. మా బడిలో ఎవరికీ మోక్షం వచ్చిన దాఖలా లేదు.

"మీరు నమ్ముతారా?" అని అడిగాను.

"నేను అద్దాలమ్ముత సార్. అద్దాలకెల్లి జూసేటోళ్లు వేరే ఉన్నరు."

ఆ రెండు జిల్లాల్లో నాకు తగిలిన తత్వవేత్త ఆయనొక్కడే.

ఆసిఫాబాద్

ఆసిఫాబాద్‌లో పొద్దున్నే జొన్నరొట్టె, శనగపిండితో చేసే పిట్ల తిన్నాం. రెండు రొట్టెలు, పిట్ల, ఉల్లిగడ్డ కలిపి నాలుగణాలు. నయా పైసలు వచ్చి ఏళ్లవుతున్నా అక్కడ ఇంకా అణాల్లోనే అడుగుతారు. పిట్ల ఘాటుకు నా కళ్లలోంచి నీళ్లు కారుతుంటే, వడ్డించే ఆవిడ జాలిపడి ఇంకో గరిటె వేసింది. ఆ వైపు ఆడవాళ్లు మరాఠీ పద్ధతిలో గోచీ పోసి చీర కట్టి మగవాళ్లకంటే వేగంగా నడుస్తారు. మా కరీంనగర్ వైపు కొత్త మనిషి కనబడితే ఏ ఊరు, ఎవరి తాలూకు అని ఆరా తీస్తాం. ఇక్కడ "రామ్ రామ్" అన్న తర్వాత "తిన్నవా" అని మాత్రమే అడుగుతారు. ఈ ఒక్క విషయంలో వాళ్లదే మంచి పద్ధతి.

నేనూ కరీమ్ సాబ్ కలిసి బండి మాట్లాడుకుంటుంటే బండివాడు నవ్వాడు.

"రంగోళ్ల కాడికా? మంచోళ్లే. మొన్న నా ఎద్దును జూసి దీనిది పసుపు ఆత్మ అన్నరు. నాకైతే తెల్లగనే కనవడుతది. దానికి గూడ ఎర్క లేదు."

మఠం

మఠమంటే గోపురాలు ఊహించుకోవద్దు. మట్టి గోడలు, పెంకుల కప్పు, బడి షెడ్డులాంటి పొడవైన కొట్టం. వరసగా ఏడు గదులు. గదికొక కిటికీ, కిటికీకొక రంగు అద్దం. అందరూ రంగెయ్యని నూలు బట్టలు కట్టుకుని, ఎదురుపడితే నమస్కారానికి బదులు "తెలుపు" అంటారు. వెళ్లేటప్పుడూ "తెలుపు" అనే అంటారు. తుమ్మినా అదే.

వాళ్ల పెద్దను దాదా అంటారు. నిజాం కాలంలో భూముల పటాలకు రంగులు పూసే కొలువు చేశాడట. చెరువుకు నీలం, నీళ్లు పారే తరి పొలానికి ఆకుపచ్చ, పడావు పడ్డ బీడుకు పసుపు. ముప్పై ఏళ్లు అలా పూసిన మనిషికి లోకమంతా రంగుల ముక్కలుగా కనబడడంలో వింతేముంది? సీసాల్లో వచ్చే సిరాలతో పని చేశాడు కాబట్టి రంగు ఎలా తయారవుతుందో ఆయనకు తెలియదు. పైగా తెలుసుకోవడం దోషమని సిద్ధాంతం. రంగు వెలుగులో ఉంటుందట. అద్దకం బానలో ఉండేది ఒట్టి మడ్డి అట, దాన్ని ముట్టుకోకూడదట. ఒక గదిలో నలభై రోజులు పూర్తయితే శిష్యుడికి ఆ రంగు నూలుకట్ట ఒకటి ఇస్తారు. అది మాత్రం ఆసిఫాబాద్ సాలెల దగ్గర అద్దించి తెప్పిస్తారు. రంగును పూజిస్తూ రంగుబానలో వేలు పెట్టని వాళ్లను నేను అక్కడే చూశాను.

అద్దం పగిలిన సంగతి నేనే చెప్పాను. ఎర్ర గది కోసం ఎదురుచూస్తున్న ఏడుగురూ విని, "తెలుపు" అని వెళ్లిపోయారు. ఒక్కడైనా తిట్టి ఉంటే నాకు మనశ్శాంతిగా ఉండేది.

నన్ను నీలం గదిలో దింపారు. అద్దం లేని ఎర్ర గది కాక అదొక్కటే ఎందుకు ఖాళీగా ఉందో మధ్యాహ్నం భోజనానికి అర్థమైంది. ఏ గదిలో ఉంటే ఆ రంగు తిండే తినాలి. పసుపు గది వాళ్లకు ముద్దపప్పు, మామిడిపండ్లు. నీలానికి దేవుడు తిండి పదార్థాలు సృష్టించడం మరిచిపోయాడు. నేరేడు పండ్లకు ఇంకా పదిహేను రోజులుందట. అందుకని మూడు పూటలా వంకాయ. ఉడికిన వంకాయ, కాల్చిన వంకాయ, రాత్రికి రెండూ కలిపిన వంకాయ. ఆ వెలుగులో నా చేతులు శవం చేతుల్లా కనబడుతుంటే తినబుద్ధి కాలేదు. అయినా తిన్నాను.

దాదా నన్ను పిలిచి కూర్చోబెట్టుకున్నాడు.

"ఆకు అన్ని రంగులను లోపలికి తీసుకుంటది మాస్టర్. పచ్చనొక్కదాన్ని వద్దని బయటకు తోలుతది. మనం దాన్నే పచ్చది అంటం. మనిషి గూడ గంతే. ఏది బయటికి జూపెడ్తడో, గది ఆయన లోపలికి రానియ్యంది."

"దాదా, ఇది నేను ఏటా చెప్పే పాఠం" అన్నాను.

"బరే, మంచిదే. ఏటా చెప్తున్రు గద, మీకేం సమజయింది?"

శనివారం లోపల మా బావను తీసుకుని వెళ్లాలని సమజైందన్నాను. ఆయన నవ్వి, "తీస్కపోన్రి, ఈడ ఎవలను కట్టేసిన్రు?" అన్నాడు.

సాయంత్రపు కొలువు

ఎండ వాలాక అందరూ వసారాలో చేరారు. మధ్యలో తెల్ల దుప్పటి పరిచి, దాని మీద మా బావను కూర్చోబెట్టారు. నేను గుర్తుపట్టలేకపోయాను. ఇంట్లో చెంబులు తన్నుకుంటూ, పిల్లల చేత విసుక్కోబడుతూ గోడ పట్టుకుని నడిచే మనిషి, ఇక్కడ వెన్ను నిటారుగా పెట్టి కూర్చున్నాడు. ఒక ముసలమ్మ ఆయన కాళ్లు కడిగింది. ఒక శిష్యుడు మూత పెట్టిన వెదురుబుట్ట తెచ్చి ముందు పెట్టాడు. బావ మూత కొంచెం తెరిచి, వంగి, ఒక క్షణం ఆగి, "చిరివేరు ఎరుపు" అన్నాడు. శిష్యుడు నూలుకట్ట పైకెత్తి చూపించాడు. ఎరుపే. "తెలుపు, తెలుపు" అని అందరూ చేతులు జోడించారు. తర్వాత మోదుగపువ్వు, తర్వాత నీలి. ఒక్కటీ తప్పలేదు.

కళ్లు పోయినా లోపలి వెలుగుతో చూస్తున్నాడట. బావను చూడడానికి చుట్టుపక్కల ఊళ్ల నుంచి కూడా జనం వస్తున్నారట.

నాకు నవ్వాగలేదు. అద్దకంవాళ్ల ఇంట్లో అయిదేళ్ల పిల్ల కూడా కళ్లు మూసుకుని ఏ బానలో ఏ రంగుందో చెబుతుంది. నీలి బాన వీధి మలుపు దాకా కంపు కొడుతుంది. రంగు కంటికే తప్ప ముక్కుకు సంబంధించింది కాదని ఇంతమంది పెద్దమనుషులు ఎలా నమ్మారో నాకిప్పటికీ అర్థం కాదు.

మర్నాడు పొద్దున బావను వాగు దగ్గరికి చెయ్యి పట్టి తీసుకెళ్లాను.

"వాసన గద, బావ?"

"వాసనే. చిరివేరుకు తడిసిన మట్టి వాసన, నీలికి పులిసిన వాసన." ఆయన దాచలేదు. "మొదటిరోజే చెప్పిన. వాసనల రంగుంటదా అని గాళ్లు నవ్విన్రు. తర్వాత ఊకున్న."

"మరి ఇంటికి పోదాం పా. సోమవారం డాక్టర్ వస్తుండు."

నా చెయ్యి వదిలి ఒడ్డున కూర్చున్నాడు. తర్వాత వాళ్ల తండ్రి సంగతి చెప్పాడు. ఆయనకూ ఇదే రోగం. ఊరూరు తిరిగే వైద్యుడు ఒకడు సూదితో కంట్లో పొడిచాడట.

"రెండు దినాలు మంచిగ కనవడ్డది. తర్వాత చీము వట్టింది. మూడో వారం పాణం వోయింది. నేనే దగ్గరున్న, బామ్మర్దీ. ఆ ఒర్రుడు ఇంకా చెవులల్లనే ఉన్నది."

"అది సూది బావ. ఇది పట్నం డాక్టరు."

"కత్తి గద." తల అడ్డంగా ఊపాడు. "ఇంట్ల నేను కుండల మీద వడుతున్న. ఈడ నన్ను అడుగుతున్నరు. వానలైనంక వస్త. జర అప్పటిదాక ఉండనియ్యి. వాసన ముచ్చట ఎవ్వలకు జెప్పకు."

చెప్పనన్నాను. ఆ నిమిషంలో నిజాయితీగానే అన్నాను.

వానలయ్యాక వస్తే ఆ కళ్లు ఎందుకూ పనికిరావు. గురువారమంతా బతిమాలాను. శుక్రవారం పొద్దున అక్క పేరు చెప్పాను, మధ్యాహ్నం కోప్పడ్డాను. ప్రతిసారీ అదే జవాబు. నా ఎదురుగా వంకాయ, కిటికీలో నీలం ఎండ. ఇంతమంది అజ్ఞానం ముందు ఒక్కడి రెండు కళ్లు పోతుంటే చూస్తూ కూర్చోవడానికి నేను తెలుపు మార్గం వాడిని కాను.

శుక్రవారం సాయంత్రం కొలువు మొదలుకాగానే, పగిలిన ఎర్ర అద్దం ముక్క ఒకటి వసారా మూలనున్న కరీమ్ సాబ్ పెట్టెలోంచి తీసి బుట్టలో వేసి, నేనే బావ ముందు పెట్టాను. ఆయన మూత తెరిచి వంగాడు. మళ్లీ వంగాడు. ముక్కు బుట్టకు ఆనేదాకా వంగాడు. ఆయన చెయ్యి బుట్టలోకి వెళ్లి, గాజు అంచు తగిలి ఆగింది.

"గిది నువ్వు వెట్టినవా, బామ్మర్దీ?" అన్నాడు మెల్లగా.

నేను ఆయనకు జవాబు చెప్పలేదు, వాళ్లకు చెప్పాను. బడిలో చెప్పినట్టే చెప్పాను. గాజుకు వాసన ఉండదని, నూలుకు ఉంటుందని, ఇన్నాళ్లూ మీరు కాళ్లు కడిగింది ఒక అద్దకంవాడి ముక్కుకని. కావాలంటే ఆయన్నే అడగమన్నాను.

ఎవరూ అడగలేదు. ఒక్కొక్కరే లేచి వెళ్లిపోయారు. కాళ్లు కడిగిన ముసలమ్మ మాత్రం బావ పక్కన నిలబడింది. ఆయన్ను లేపడానికి అనుకున్నాను. ఆయన లేచేదాకా ఆగి, కింది తెల్ల దుప్పటి మడిచి తీసుకుని పోయింది.

"మంచిగ చెప్పిన్రు మాస్టర్, పాఠం" అన్నాడు దాదా. ఆయన గొంతులో కోపం లేదు. నాకు ఒళ్లు మండింది.

తిరుగు దారి

శనివారం తెల్లవారకముందే బావ తన మూట తానే కట్టుకుని నీలం గది గడపలో కూర్చున్నాడు. వస్తావా అని అడిగే పని లేకపోయింది. ఆసిఫాబాద్‌లో ఆ రాత్రి రొట్టె పెట్టిస్తే సగం తిన్నాడు. ఆదివారం రైల్లో జనం ఆయనకు కిటికీ పక్కన చోటిచ్చారు. మంచిర్యాల దాటాక చప్పుడు మారింది.

"గోదారా?"

"గోదారే, బావ."

నా చేతిలో ఒక పైసా ఉంటే ఆయన చేతిలో పెట్టాను. నీళ్లలోకి విసిరాడు.

"మీ అక్కకు జెప్పకు" అన్నాడు, నీళ్ల వైపే ముఖం పెట్టి.

సరేనన్నాను.

కరీంనగర్

సోమవారం కుడికంటికి, గురువారం ఎడమకంటికి కత్తి పడింది. కదలకుండా వెల్లకిలా పడుకోబెట్టి రెండు కళ్లకూ కట్టు కట్టారు. డాక్టరు చెయ్యి మంచిది, చీము లేదు, నొప్పి లేదు. బావ భయపడినవి ఒక్కటీ జరగలేదు. నేను గెలిచాను. గెలిచినవాడికి నోరు ఊరుకుంటుందా?

చూడడానికి చుట్టాలు వచ్చిన రోజు, మంచం పక్కన కూర్చుని మఠం కథంతా చెప్పాను. ఎద్దు ఆత్మ, వంకాయలు, దాదా. అందరూ పొట్ట పట్టుకుని నవ్వుతున్నారు. ఆ ఊపులో బుట్ట మీద బావ ఎలా వంగాడో, మళ్లీ ఎలా వంగాడో, లేచి నిలబడి అభినయించి చూపించాను. అక్క కూడా కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. బావ నిద్రపోతున్నాడనుకున్నాను. కట్టు కింద మనిషి నిద్రలో ఉన్నదీ మెలకువగా ఉన్నదీ ఎలా తెలుస్తుంది? ఇంత సైన్సు చదివిన నాకు, అడిగి చూడాలని మాత్రం తోచలేదు. ఆ వారంలోనే బజారులో ఆయనకు "వాసన నర్సయ్య" అని పేరు పడింది. అది పెట్టింది నేను కాదు. కానీ దానికి కావలసిందంతా నేనే సమకూర్చాను. ఇప్పుడు అచ్చులో కూడా రాస్తున్నాను. సిగ్గుగానే ఉంది. అయినా ఆ పని తప్పని నేను ఇప్పటికీ అనలేను. అప్పుడు వేరే దారి ఏముందో నాకు ఎవరైనా చెబితే వింటాను.

బావకు చూపు వచ్చింది. మందపాటి అద్దాలు పెట్టుకుని మళ్లీ బానల దగ్గర నిలబడుతున్నాడు. దూరపు చూపు మాత్రం చిన్నప్పటిలా ఉందని డాక్టరు సంతోషపడ్డాడు.

ప్రతి ఆదివారం నేను అక్క ఇంటికి వెళతాను. బావ అరుగు మీద కూర్చుని ఉంటాడు. వీధి చివర నుంచి చూస్తే ఆయన కళ్లద్దాలు నా వైపే తిరగడం కనబడుతుంది. నేను ఇల్లు చేరేసరికి అరుగు ఖాళీగా ఉంటుంది. అక్క చాయ తెచ్చి, "గిప్పుడే ఎటో వోయిండు తమ్మీ" అంటుంది. పెరటి తలుపు ఇంకా ఊగుతూ ఉంటుంది.